మట్టికీ ఒక గొలుసుంది!

మీ ఊళ్ళో గుట్ట ఉందా? గుట్ట కింద చెరువు ఉందా? ఉంటే ఒక పని చెయ్యండి. వచ్చే ఆదివారం ఎండ ఎక్కకముందే బయలుదేరి, చెప్పులు చేత పట్టుకుని, గుట్ట మొదలు నుంచి చెరువు దాకా వట్టి కాళ్ళతో నడవండి. మీది మహబూబాబాద్ వైపు అయితే, అంటే పెద్దవాళ్ళు ఇప్పటికీ మానుకోట అని పిలిచే ఆ ప్రాంతమే అయితే, ఈ నడక మరీ బాగుంటుంది.

మొదట కాలికి తగిలేది రాయి. దాన్ని ఆనుకుని మొరం. గులకలు గుచ్చుకుంటాయి. కాస్త దిగితే ఎర్రటి చెలక వస్తుంది. ఇసుకపాలు ఎక్కువ కాబట్టి అరికాలి కింద గరగరలాడుతుంది. ఇంకా దిగండి. ఎరుపు తగ్గి గోధుమరంగు తిరుగుతుంది, మట్టి మెత్తబడుతుంది. చెరువు దగ్గరికి వచ్చేసరికి నల్లరేగడి! వేసవి అయితే కాలు ఇరుక్కునేంత నెర్రెలు. వానాకాలమైతే చెప్పులు చేతిలో ఉన్నందుకు సంతోషిస్తారు.

నడిచిన దూరం ఎంత? చాలా చోట్ల ఒక కిలోమీటరు కూడా ఉండదు. పైన కురిసిన వానే కిందా కురిసింది. పైన కాసిన ఎండే కిందా కాసింది. అడుగున ఉన్న రాయి కూడా ఒకటే. మరి మట్టి ఎందుకు మారిపోయింది?

ఈ ప్రశ్న నుంచి పుట్టిన మాట ఒకటి మృత్తికా శాస్త్రంలో ఉంది. అది 'కెటీనా'. మీ పాఠ్యపుస్తకంలో బహుశా కనిపించదు. వ్యవసాయ కళాశాలలో చేరినవాళ్ళకు కూడా ఒకటి రెండుసార్లు ఎదురై వెళ్ళిపోయే మాట ఇది. లాటిన్ భాషలో కెటీనా అంటే గొలుసు. మనం దీన్ని 'మట్టి గొలుసు' అనుకుందాం.

ఒక పటం తెచ్చిన చిక్కు

ఈ మాటను మట్టికి తగిలించినవాడు జెఫ్రీ మిల్న్ అనే ఆంగ్లేయుడు. 1930లలో ఆయన టాంగన్యీకాలో, అంటే ఈనాటి టాంజానియాలో, అమాని అనే చోట ఉన్న తూర్పు ఆఫ్రికా వ్యవసాయ పరిశోధనా కేంద్రంలో పనిచేసేవాడు. తూర్పు ఆఫ్రికాకు నేలల పటం తయారుచేసే పని ఆయన మీద పడింది. దేశం చూస్తే ఎంతో పెద్దది, పటం చూస్తే చిన్న కాగితం.

ఆయన తిరిగిన చోటల్లా ఒకటే తంతు. మిట్ట మీద ఎర్రమట్టి, వాలులో బూడిదరంగు ఇసుకమట్టి, పల్లంలో నల్లటి జిగట మట్టి. అక్కడి ప్రజలు ఆ పల్లపు నల్లనేలను 'ంబుగ' అంటారు. పల్లం దాటి అవతలి మిట్ట ఎక్కితే మళ్ళీ ఎరుపే. ఒక్కో మట్టికి ఒక్కో రంగు వేద్దామంటే పటమంతా సన్నటి చారలతో నిండిపోతుంది. వెయ్యకపోతే పటం అబద్ధం చెబుతుంది. ఏం చెయ్యాలి?

మిల్న్ ఒక సంగతి పట్టుకున్నాడు. మట్టి మారుతోంది గాని, మారే వరస మారటం లేదు. ఎరుపు తర్వాత బూడిద, దాని తర్వాత నలుపు. ఏ మిట్టకు వెళ్ళినా ఇదే క్రమం. అయితే విడివిడి మట్టిని కాకుండా ఈ వరస మొత్తాన్నీ ఒకే ముక్కగా తీసుకుని ఒకే రంగు వేస్తే సరిపోతుంది కదా! ఆ వరసకు ఒక పేరు కావాలి. రెండు స్తంభాల మధ్య వదులుగా వేలాడదీసిన గొలుసును ఊహించుకోండి. రెండు చివరలూ ఎత్తులో ఉంటాయి, మధ్యభాగం కిందికి జారి ఉంటుంది. రెండు మిట్టల నడుమ పల్లం కూడా ఇలాగే ఉంటుంది. 1935లో మిల్న్ దానికి కెటీనా అని పేరు పెట్టాడు. పటం గీసేవాడి అవస్థలోంచి పుట్టిన మాట కొత్త ఆలోచనకు దారి తీసింది. గొలుసులో లంకెలు పక్కపక్కన ఉండటమే కాదు, ఒకదాన్ని ఒకటి పట్టుకుని ఉంటాయి. మట్టి కూడా అంతేనా?

వాన మోసే బరువు

అంతే. పట్టి ఉంచేది నీరు.

మహబూబాబాద్, జనగామ ప్రాంతాల్లో చాలా భాగం అడుగున ఉన్నవి గ్రానైటు, నైస్ రాళ్ళు. ఈ రాళ్ళలో క్వార్ట్జ్, ఫెల్డ్‌స్పార్, అభ్రకం వంటి ఖనిజాలు ఉంటాయి. వేల ఏళ్ళుగా ఎండకూ వానకూ ఈ రాయి చివికిపోతూ వచ్చింది. క్వార్ట్జ్ మొండిది, దేనికీ లొంగదు. అదే ఇసుకై మిట్ట మీద మిగిలిపోతుంది. ఫెల్డ్‌స్పార్ నెమ్మదిగా బంకమన్నుగా మారుతుంది. రాతిలోని ఇనుము గాలి తగిలి తుప్పు పడుతుంది. చెలకల ఎరుపు ఆ తుప్పు రంగే. ఇంట్లో పాత గొళ్ళానికి పట్టే తుప్పుకూ దానికీ దగ్గరి చుట్టరికం ఉంది.

వాన నీరు మిట్ట మీద నిలవదు. పోతూపోతూ రెండు రకాల సామాను మోసుకుపోతుంది. మీకు కంటికి కనిపించేది బురద, అంటే సన్నటి మట్టి రేణువులు. కనిపించనిది నీటిలో కరిగిపోయిన సరుకు. కాల్షియం, మెగ్నీషియం, సోడియం, కొంత సిలికా. ఈ కరిగిన సరుకు నేల లోపలి తేమతో పాటు వాలు వెంట కిందికి దిగుతుంది. ఎంత మెల్లగా దిగుతుందంటే మన తాత ముత్తాతల కాలం కూడా దానికి లెక్కలోది కాదు.

పల్లంలో ఏమవుతుంది? అక్కడ నీరు ఆగుతుంది, సరుకు దిగుతుంది. కాల్షియం, మెగ్నీషియం, సిలికా సమృద్ధిగా దొరికిన చోట వేరే రకం బంకమన్ను తయారవుతుంది. దాని పేరు మాంట్‌మొరిల్లొనైట్. ఫ్రాన్సులో మాంట్‌మొరిల్లన్ అనే ఊరి పేరు మీద వచ్చింది. మిట్ట మీది ఎర్రమట్టిలో ఎక్కువగా ఉండే బంక కేయొలినైట్. దీని రేణువు గట్టిగా అంటించిన అట్టలాంటిది, పొరల మధ్యకు నీరు దూరదు. మాంట్‌మొరిల్లొనైట్ వదులుగా కుట్టిన పుస్తకంలాంటిది. నీరు తగిలితే పుటల మధ్యకు దూరి ఉబ్బుతుంది, ఎండితే ముడుచుకుంటుంది. రేగట్లో నెర్రెలు ఇందుకే వస్తాయి. మిగిలిన కాల్షియం సున్నపు గులకలుగా పేరుకుంటుంది. రేగడి తవ్వితే శనగగింజంత తెల్లటి ఉండలు దొరుకుతాయి చూడండి, అవే. వాటి మీద మీ ప్రయోగశాలలోని సజల హైడ్రోక్లోరికామ్లం ఒక చుక్క వేయించండి. సుయ్‌మని నురగ వస్తుంది. ఆ సున్నంలో కొంతైనా ఒకప్పుడు పైనున్న రాతిలోనిదే!

నీరు ఆగి, బయటికి పోయే దారి లేకపోతే మాత్రం సోడియం కూడా అక్కడే పేరుకుంటుంది. వేసవిలో పైకి తెల్లటి పొడి తేలుతుంది. అదే చౌడు. పూర్వం చాకలివారు బట్టలు ఉతకటానికి ఈ చౌడుమట్టినే వాడేవారు. బట్టల మురికి వదిలించే ఆ క్షారమే పైరు వేళ్ళను చంపుతుంది.

అంటే, మిట్ట పోగొట్టుకున్నది పల్లం సంపాదించుకుంది. పల్లంలోని మట్టి ఎందుకు అలా ఉందో తెలియాలంటే పైకి చూడాలి. మిల్న్ మాటలోని అసలు బలం ఇక్కడుంది.

మాటను ఎక్కడ వాడాలి, ఎక్కడ కూడదు

బావి తవ్వినప్పుడు గోడలో ఒకదాని కింద ఒకటి కనిపించే మట్టి పొరలను కెటీనా అనకూడదు. అది నిలువు కోత. దాన్ని 'మృత్తికా పరిచ్ఛేదం' అంటారు. కెటీనా వాలు వెంట సాగుతుంది. అలాగే 'ఈ చేను కెటీనా నేల' అనటమూ పొరపాటే. ఒక్క లంకెను గొలుసు అంటామా? 'ఈ గుట్ట నుంచి ఆ వాగు దాకా ఉన్న కెటీనాలో ఈ చేను మధ్య లంకె' అంటే సరిగ్గా చెప్పినట్టు.

నల్లమట్టి కనిపించిన ప్రతిచోటా గొలుసు చివర ఉన్నామని కూడా అనుకోవద్దు. ఆదిలాబాద్ వైపు బసాల్టు రాయి మీద ఏర్పడిన రేగడి ఉంది. దాని గుణం ఆ రాయి నుంచే వచ్చింది, పల్లంలో ఉన్నందువల్ల కాదు. భూపాలపల్లి జిల్లాలో కాళేశ్వరం దగ్గర గోదావరి ఒడ్డున పరుచుకున్న ఒండ్రుమట్టి కూడా పక్కనున్న గుట్టల సొమ్ము కాదు. నాసిక్ దగ్గర పుట్టిన నది దారిపొడవునా మోసుకొచ్చి దించినది. అదే జిల్లాలో గుట్టల మీద ఇసుకరాయి ఉంటుంది. బొగ్గు గనులున్న ప్రాంతం కదా! వాలు దిగుతుంటే మధ్యలో రాయే మారిపోయే గొలుసులూ ఉంటాయి. మిల్న్ వాటినీ కెటీనాలే అన్నాడు, రెండో రకంగా లెక్కపెట్టాడు. తర్వాత అమెరికా శాస్త్రజ్ఞులు కొందరు అడుగు రాయి ఒకటే అయితేనే కెటీనా అనాలని పట్టుబట్టారు. నా మటుకు మిల్న్ పక్షమే నయమనిపిస్తుంది. రాయి మారినా వాన మోసే పని మారదు కదా.

మన దగ్గర ఒక గొలుసు రెండు చివరలూ చూడాలంటే పటాన్‌చెరు మంచి చోటు. 1972లో అక్కడ నెలకొల్పిన అంతర్జాతీయ మెట్టపంటల పరిశోధనా సంస్థ, అదే ఇక్రిశాట్, ఆవరణలోనే ఎర్రనేలా ఉంది, నల్లనేలా ఉంది. ఎర్రనేలకు 'పటాన్‌చెరు', నల్లనేలకు 'కాసిరెడ్డిపల్లి' అని శాస్త్రజ్ఞులు ఊళ్ళ పేర్లే పెట్టారు. మన ఊరి మాటలకు శాస్త్రంలో చోటు దొరకటం కొత్త కాదు. భూగోళ పుస్తకంలో మీరు చదివే 'రేగుర్' మన రేగడే, ఇంగ్లీషు వేషం వేసుకుంది.

రెండో గొలుసు

ఇక తమాషా సంగతి. మిల్న్ పుట్టడానికి కొన్ని వందల ఏళ్ళ ముందే మన వాళ్ళు ఈ వాలునే చూసి గొలుసు అనే మాట వాడారు. మట్టికి కాదు, చెరువులకు. గొలుసుకట్టు చెరువులు! ఒక చెరువు నిండి మత్తడి దూకితే ఆ నీరు కింది చెరువుకు పోతుంది, అది నిండితే దాని కిందిదానికి. కాకతీయుల కాలంలో ఓరుగల్లు చుట్టూ ఇలా ఎన్నో చెరువులు వెలిశాయి. మహబూబాబాద్ జిల్లాలోని బయ్యారం చెరువు దగ్గర గణపతిదేవుని చెల్లెలు మైలాంబ వేయించిన శాసనం ఉంది.

చెరువు కట్టేవాడికి మట్టి గొలుసు తెలియకపోతే పని సాగదు. ఇసుకపాలున్న చెలకలో కడితే నీరు ఇంకిపోతుంది. పల్లంలో బంకమన్ను మీద కడితే నిలుస్తుంది. కట్ట కింద నల్లనేలలో పొలాలు, కట్టకు ఎగువన మిట్ట మీద చెలకలు. తెలంగాణలో పొలం అంటే వరి మడి, చెలక అంటే మెట్టచేను. ఎర్రమట్టికీ అదే పేరు. గొలుసులో తాము ఏ లంకె దగ్గర నిలబడి ఉన్నారో రైతులు ఒక్క మాటలో చెప్పేస్తారన్నమాట.

ఈ లంకెల తేడా అన్నం ముద్దలో తేలుతుంది. చెలక పైపొరలో బంకమన్ను నూటికి పది ఇరవై వంతులు ఉంటే, రేగట్లో సగానికి మించి ఉంటుంది. కాబట్టి రేగడి నీటిని పట్టి ఉంచుతుంది. వానలు వెనక్కి పోయాక విత్తిన యాసంగి జొన్న ఆ తేమతోనే పండుతుంది. చెలకలో అయితే మధ్యలో రెండు వారాలు వాన మొహం చాటేస్తే కంది, ఆముదం తట్టుకుంటాయేమో గాని పెసర వాడిపోతుంది. పైగా ప్రతి పెద్ద వానకూ చెలకలోని ఆ కాస్త బంక కూడా కొట్టుకుపోయి చెరువులో పడుతుంది. ఎగువ రైతుకు మట్టి పోయింది. దిగువ రైతుకు లాభమా? అదీ కాదు, చెరువు పూడి నీరు తగ్గింది. ఒకే మట్టి ఇద్దరినీ ముంచింది.

దీనికి విరుగుడు కూడా పాతదే. వేసవిలో చెరువు ఎండినప్పుడు పూడిక మట్టిని బండ్లకెత్తి చెలకల్లో పొయ్యటం. నీరు కిందికి తెచ్చిన లంకెను ఎడ్లు మళ్ళీ పైకి చేర్చేవి. మధ్యలో ఈ పని సన్నగిల్లింది. 2000 తర్వాత మెదక్ జిల్లాలో చెరువుల పూడికను ఇక్రిశాట్ శాస్త్రజ్ఞులు పరీక్షించారు. నత్రజని, భాస్వరం, పొటాషియం, సేంద్రియ కర్బనం ఉన్నాయని తేలింది. 2015లో తెలంగాణ ప్రభుత్వం 46 వేలకు పైగా చెరువులను బాగు చేయాలని మిషన్ కాకతీయ మొదలుపెట్టినప్పుడు, తీసిన పూడికను రైతులు ట్రాక్టర్ల మీద చేలకు తోలుకున్నారు. అయితే అన్ని చెరువుల మట్టీ ఒకటి కాదు. చౌడు చేరిన పూడిక వేస్తే చెలక బాగుపడకపోగా చెడుతుంది. అసలే బంక ఎక్కువున్న రేగట్లో పూడిక వెయ్యటం దండగ. పరీక్ష చేయించకుండా తోలకూడదు.

ఆ పరీక్షకు మట్టి తీసేది ఇలా. చెట్టు నీడ, గట్టు పక్క, పెంటకుప్ప ఉన్న చోటు వదిలేసి, చేనులో ఎనిమిది పది చోట్ల 15 సెంటీమీటర్ల లోతున గుంట తవ్వి, గుంట అంచు నుంచి మట్టి చెక్కి తీస్తారు. అంతా కలిపి, అందులోంచి అర కిలో సంచిలో వేస్తారు. ఇక్కడే చాలామంది ఒక తప్పు చేస్తారు. వాలు మీద ఉన్న చేను పై చివర ఎర్రగా, కింది చివర నల్లగా ఉంటే, రెండూ ఒకే సంచిలో కలిపేస్తారు. అప్పుడు ప్రయోగశాల చెప్పే లెక్క పైమట్టికీ చెందదు, కిందిమట్టికీ చెందదు. ఆ చేనులో ఎక్కడా లేని మట్టికి ఎరువు కొన్నట్టవుతుంది. ఈసారి మీ ఇంట్లో మట్టి నమూనా తీసేటప్పుడు మీరూ వెంట వెళ్ళండి. రంగు ఎక్కడ మారుతోందో అక్కడ ఒక పుల్ల పాతండి. పుల్లకు పైన ఒక సంచి, కింద ఒక సంచి.