ధనియాలను బద్దలు చేసి ఎందుకు విత్తుతారు?

పల్నాడులో పెరట్లో కొత్తిమీర వేసేవాళ్లు ముందు ధనియాలను నేల మీద పోసి, చెక్కతో మెల్లగా నలుపుతారు. ఎందుకు? మనం గింజ అనుకునే ధనియం నిజానికి ఎండిన కాయ. లోపల రెండు విత్తనాలుంటాయి. కాయ విడిపోతే నీరు త్వరగా లోపలికి చేరుతుంది, రెండు బద్దల నుంచీ మొక్కలొస్తాయి. పొడి అయ్యేలా మాత్రం నలపకండి, మొలక దెబ్బతింటుంది.

బద్దలను రాత్రంతా నానబెట్టి, సెంటీమీటరు లోతున విత్తండి. పది రోజులు, ఒక్కోసారి రెండు వారాలు ఏమీ కనిపించదు. అప్పుడే చాలామంది నీళ్లు పోయడం మానేస్తారు, అదే నష్టం. నల్లరేగడి ఆరితే పైన పెచ్చు కడుతుంది, లేత మొలక దాన్ని చీల్చుకు రాలేదు. అందుకే మట్టిలో బాగా చివికిన పశువుల ఎరువు, కాస్త ఇసుక కలపాలి. తల్లివేరు నిటారుగా దిగుతుంది కనుక నారు పీకి నాటొద్దు. దీని బంధువులైన క్యారెట్‌దీ, చలిదేశాల పార్స్‌నిప్‌దీ ఇదే తీరు.

ఎప్పుడు వేయాలి? అక్టోబరు, నవంబరు మంచివి. పల్నాడులోని రెంటచింతల వేసవి ఎండల్లో వేస్తే ఆకు పెరగకముందే పూతకొస్తుంది. వేడి తగిలిన మొక్క తొందరగా విత్తనం కట్టాలని చూస్తుంది. శీతాకాలం పంటలో నాలుగు మొక్కలను కోయకుండా పూతకు వదలండి. తేనెటీగలు వాలతాయి, కొత్త ధనియాలు కాస్తాయి.