మస్టరు కాగితం అడిగినవాళ్లు

చట్టాలు ఢిల్లీలో పుడతాయని పెద్దలు చెబుతుంటారు. సమాచార హక్కు చట్టానికి మాత్రం రాజస్థాన్ కరువు పనుల్లోనే పురుడు పోశారు. 1990లో మజ్దూర్ కిసాన్ శక్తి సంఘటన్ పెట్టుకున్ననాడు అక్కడి కూలీలకు కనీస కూలి దక్కేది కాదు. అడిగితే, పని చేయలేదని కాగితంలో ఉందనేవారు. అయితే ఆ కాగితమే చూపించండని సంఘం పట్టుబట్టింది. చూపిస్తే గుట్టు బయటపడదూ!

1994 డిసెంబరులో కోట్‌కిరానా గ్రామంలో బహిరంగ విచారణ పెట్టి లెక్కలు పైకి చదివారు. ఇలాంటి విచారణల్లోనే పనికి రానివాళ్ల పేర, చచ్చినోళ్ల పేర కూడా కూలి రాసుకున్న సంగతి ఊరందరి ఎదుటా తేలింది. 1996లో బ్యావర్ పట్టణంలో నలభై రోజులు ధర్నా. పల్లెలు గింజలు పంపాయి, ధర్నా నిలబడింది. 2000లో రాజస్థాన్‌లో చట్టం వచ్చింది, 2005లో దేశమంతటికీ వచ్చింది. వట్టి వినతిపత్రాలతో వచ్చింది కాదది.

ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో 2006లో ఉపాధి పనులకు మొదలైన సామాజిక తనిఖీదీ ఆ దారే. కానీ మేం తిరిగే ఊళ్లలో తనిఖీ సభనాడు మనోళ్లు కూలికి పోతున్నారు, మేట్లే ముందు వరసలో కూర్చుంటున్నారు. ఒక్క పూట కూలి పోయినా సరే, సభకు రండి. మస్టరు నకలుకు దరఖాస్తు పెట్టండి. ముప్పై రోజుల్లో జవాబివ్వాలి. దరఖాస్తు తీసుకున్నట్టు రసీదు మాత్రం మరవకుండా అడిగి పుచ్చుకోండి.