కాలం ఆగిన గోళం అద్దంలా ఎందుకుంటుంది?

"ఒక గదిలో కాలం ఆగిపోతే, బయట నిలబడి చూసేవాళ్లకి ఆ గది ఎలా కనిపిస్తుంది?" అని ఒక పాఠకురాలు రాశారు. కాలం ఆగడం గురించి వచ్చే ప్రశ్నలన్నీ మామూలుగా లోపలున్నవాళ్ల వయసు చుట్టూ తిరుగుతాయి. ఈమె మాత్రం బయట నిలబడి అడిగారు. ఈ ప్రశ్నకి 1984లోనే ఒక నవలాకారుడు జవాబు చెప్పాడు: అద్దంలా కనిపిస్తుందని.

ఆయన వెర్నర్ వింజ్. శాన్‌డియాగో స్టేట్ యూనివర్సిటీలో గణితం, కంప్యూటర్ సైన్స్ బోధించాడు; 2024లో కన్నుమూశాడు. ఆయన నవల 'ది పీస్ వార్'లో ఒక యంత్రం కోరిన చోట గోళాన్ని పుట్టిస్తుంది. దాని పేరు బాబుల్. అది పగలదు, కరగదు, మీద పడ్డ వెలుగునంతా తిప్పికొడుతుంది. అదొక శాశ్వతమైన గోడ అని, లోపల చిక్కినవాళ్లు ఊపిరాడక చచ్చిపోయి ఉంటారని అందరూ నమ్ముతారు. సుమారు యాభై ఏళ్లకి ఒక గోళం దానంతటదే విడిపోతుంది. లోపలివాళ్లు బతికే ఉంటారు, వాళ్లకి ఒక్క క్షణం కూడా గడవలేదు. పురాణాల్లోని ముచుకుందుడు గుర్తొస్తాడు గానీ, ఆయన గుహలో నిద్రపోయాడు, ఊపిరి పీల్చాడు. బాబుల్‌లో ఊపిరి కూడా లేదు.

నిజ ప్రపంచంలో కాలం నెమ్మదించడానికి ఒక దారి గురుత్వాకర్షణ. అది తక్కువగా ఉన్న ఎత్తులో తిరగడం వల్ల జీపీఎస్ ఉపగ్రహాల గడియారాలు, వేగం వల్ల జరిగే ఆలస్యాన్ని తీసేసినా, నేల మీది గడియారాల కంటే రోజుకి దాదాపు 38 మైక్రోసెకన్లు ముందుకి పోతాయి. 5 మీటర్ల వ్యాసార్ధం ఉన్న బోలు గోళంలో కాలాన్ని సగానికి తగ్గించాలంటే, ఆ గోళపు గోడలో గురుగ్రహం కంటే ఎక్కువ ద్రవ్యరాశిని కుక్కాలి. ఇంత చేసినా కాలం సగమే తగ్గింది, ఆగలేదు.

ఇక అద్దం సంగతి. కాంతి ఒక వస్తువులోకి వెళ్లాలంటే రెండే మార్గాలు: దాన్ని దాటి పోవాలి, లేదా దానిలో ఇంకిపోవాలి. దాటడానికి సమయం కావాలి. ఇంకడానికీ కావాలి, ఎందుకంటే ఎలక్ట్రాన్ కదలాలి, అణువు ఊగాలి. లోపల క్షణమే లేనప్పుడు ఈ రెండూ జరగవు. శక్తి మాయం కాదు కాబట్టి కాంతికి వెనక్కి తిరగడం ఒక్కటే మిగిలింది. వేడి సంగతీ ఇంతే. గోళానికి చెయ్యి దగ్గరగా పెడితే, మీ చేతి వెచ్చదనమే మీకు తిరిగి తగులుతుంది.

బ్లాక్ హోల్ అంచున కూడా కాలం ఆగినట్టు కనిపిస్తుంది కదా, అది అద్దంలా ఎందుకు లేదు? ఈ చిక్కు చాలామందిని పక్కదారి పట్టించింది. బ్లాక్ హోల్ అనే పేరు వాడుకలోకి రాకముందు సోవియట్ శాస్త్రవేత్తలు దాన్ని గడ్డకట్టిన నక్షత్రం అనేవారు. ఆ పేరు విన్నవాళ్లు నక్షత్రం నిజంగానే అంచున ఆగిపోయిందనుకున్నారు. కానీ ఓపెన్‌హైమర్, స్నైడర్ అనే భౌతికశాస్త్రవేత్తలు 1939లోనే లెక్క తేల్చారు: ఆగినట్టు కనిపించేది దూరాన ఉన్నవాడికే. పదార్థంతో పాటు పడిపోయేవాడి గడియారం ఎక్కడా ఆగదు, అంచు దాటేస్తుంది. కాంతి కూడా లోపలికే పోతుంది. అందుకే అది నలుపు.

కథకుల్లో హెచ్.జి. వెల్స్ చేసిన తప్పు ఇంకా ఆసక్తికరం. 1901 నాటి 'ది న్యూ యాక్సిలరేటర్' కథలో ఒక మందు తాగినవాళ్లకి లోకమంతా నిలిచిపోయినట్టు కనిపిస్తుంది. వాళ్ల వేగానికి గాలి రాపిడితో బట్టలు కమిలిపోతాయని కూడా వెల్స్ ఆలోచించాడు, అది గొప్ప సంగతి. వెలుగునే మరిచాడు. మన కాలం వెయ్యి రెట్లు వేగంగా నడిస్తే, కంటికి చేరే ప్రతి కాంతి తరంగం వెయ్యి రెట్లు సాగినట్టే. పట్టపగలే కటిక చీకటి.

దీన్ని తిరగేసి చూడండి, బాబుల్‌కి అద్దం ఎంత అవసరమో తెలుస్తుంది. కాలం పూర్తిగా ఆగకుండా వెయ్యి రెట్లు నెమ్మదించిన గది ఒకటి ఉందనుకుందాం. కిటికీలోంచి వచ్చే ప్రతి కాంతికణానికీ లోపలివాడి లెక్కలో వెయ్యి రెట్లు శక్తి. అవి సెకనుకి వెయ్యి రెట్లు ఎక్కువగా వచ్చి పడతాయి. మొత్తం పది లక్షల రెట్లు. పున్నమి వెన్నెల ఎండ కంటే సుమారు 4 లక్షల రెట్లు తక్కువ. అంటే ఆ గదిలో వెన్నెల, మన మధ్యాహ్నపు ఎండకి రెండున్నర రెట్లు, అదీ ఎక్స్ కిరణాల రూపంలో! కాలాన్ని సగంసగంగా ఆపే ప్రతి కథా తన నాయకుణ్ణి ఇలా కాల్చేస్తుంది. వింజ్ నాయకులు మాత్రం బతుకుతారు.

ఉపయోగాల దగ్గరికి వస్తే నాకు కొంత అసంతృప్తి. ఇంత అందమైన భౌతికశాస్త్రం చేతిలో ఉంటే, మొదటి నవలలో పాలకులు తమని ఎదిరించినవాళ్లని మూసిపెట్టడానికి దాన్ని వాడతారు. 1986లో వచ్చిన 'మరూన్డ్ ఇన్ రియల్‌టైమ్' నయం. అందులో ఓడని బాబుల్‌లో ఉంచి బయట అణుబాంబులు పేల్చి అంతరిక్షంలోకి తోస్తారు. లోపల క్షణం లేదు కాబట్టి ఎవరికీ కుదుపు తగలదు. అందరూ బాబుళ్లలో దూరభవిష్యత్తుకి వెళ్తుంటే ఒక స్త్రీని బయటే వదిలేయడం, మామూలు కాలంలో ఒంటరిగా ముసలిదై చనిపోనివ్వడం అందులోని హత్య. కాలాన్ని ఆపే శక్తి మనుషుల మధ్య ఏం చేస్తుందో ఇంతకన్నా సూటిగా చెప్పిన కథ నేను చదవలేదు. రెండింట్లో ఒక్కదానికే తీరిక ఉంటే, రెండోది చదవండి.