గాత్రం మారినా బాణీ మారని బాండ్ గీతం

1962లో వెలువడిన తొలి జేమ్స్‌బాండ్ చిత్రం ‘డాక్టర్ నో’కు మాంటీ నార్మన్ కూర్చిన బాణీని జాన్ బ్యారీ గిటారు, ట్రంపెట్లతో తీర్చిదిద్దారు. 1964లో ‘గోల్డ్‌ఫింగర్’కు షిర్లీ బాసీ పాడిన పాటతో, తెరపై పేర్లు పడే వేళ చిత్రం పేరే గీతంగా వినిపించే సంప్రదాయం స్థిరపడింది.

అటుపిమ్మట ప్రతి తరమూ తన కాలపు సంగీతాన్ని అందులో చేర్చింది. 1973లో ‘లివ్ అండ్ లెట్ డై’కి పాల్ మెకార్ట్‌నీ రాక్ పోకడను తెచ్చారు. 1985లో డురాన్ డురాన్ బృందం జాన్ బ్యారీతో కలిసి కూర్చిన ‘ఎ వ్యూ టు ఎ కిల్’ గీతం అమెరికా పాటల పట్టికలో ప్రథమస్థానం పొందింది.

ఆస్కార్ మాత్రం అర్ధశతాబ్దం పిమ్మటనే దక్కింది. 2012 నాటి ‘స్కైఫాల్’కు అడెల్ పాడిన గీతం 2013లో దానిని సాధించింది. ఆ పాట స్వరగతిలో తొలి బాణీ ఛాయలు స్పష్టంగా వినవస్తాయి. కొత్త గాత్రాలను ఆహ్వానిస్తూనే మూలస్వరాన్ని విడువకపోవడమే ఈ పరంపరకు ప్రాణం.