డెబ్భై పైసల వడ్డీ, ఇరవై ఏళ్ల లెక్క

ఉపమాకలో గానీ, పక్కనున్న నక్కపల్లిలో గానీ అప్పు మాట వస్తే శాతాల్లో ఎవరూ మాట్లాడరు. నూటికి నెలకు ఎంత అన్నదే లెక్క. రూపాయి వడ్డీ అంటే ఏడాదికి 12 శాతం, రెండు రూపాయలంటే 24. ఆ కొలతలో చూస్తే, బ్యాంకు 8.5 శాతానికి ఇచ్చే ఇంటి లోను నూటికి డెబ్భై పైసల పైచిలుకు. నోటు రాసి రెండు రూపాయలకు తెచ్చి అలవాటైన ఇంట్లో ఈ మాట వింటే ప్రాణం లేచొస్తుంది. నిజంగానే అది చవక వడ్డీ. అయితే నోటు అప్పుని పంట డబ్బులో చీటీ డబ్బులో చేతికి రాగానే తీర్చేస్తాం. ఇంటి లోను ఇరవై ఏళ్లు మనతో కాపురం చేస్తుంది. వడ్డీ ఎంత అని అడిగితే డెబ్భై పైసలన్నది సరైన జవాబే. ఇల్లు మనకు ఎంతకు పడుతుంది అని అడిగితే మాత్రం ఏళ్లు లెక్కపెట్టాలి.

ఇప్పుడే ఈ లెక్క ఎందుకంటే, ఉపమాక వేంకన్న కొండ చుట్టుపక్కల స్థలాల బేరాలు జోరుగా ఉన్నాయి. జాతీయ రహదారి పక్కనే. నక్కపల్లి బల్క్ డ్రగ్ పార్కుకు 2025 జనవరి 8న విశాఖ సభ నుంచి ప్రధాని శంకుస్థాపన చేశారు. మందుల కంపెనీల్లో జీతానికి కుదిరిన పిల్లలు పాతికేళ్లకే లోను కాగితాల మీద సంతకాలు పెడుతున్నారు. సంతకానికి ముందు ఒక గంట కూర్చుని చూడాల్సిన అంకెలివి.

20 లక్షల లోను, 8.5 శాతం వడ్డీ, 20 ఏళ్ల గడువు అనుకుందాం. మీ బ్యాంకు రేటు కాస్త అటూ ఇటూగా ఉండొచ్చు, లెక్క తీరు మారదు. నెలనెలా కట్టే వాయిదా, అంటే ఈఎంఐ, 17,356 రూపాయలు. 240 నెలలకు మొత్తం 41 లక్షల 65 వేల చిల్లర. తెచ్చుకున్నది 20 లక్షలు, వడ్డీ 21 లక్షల 65 వేలు. అసలు కంటే వడ్డీయే పెద్దది.

డెబ్భై పైసల వడ్డీకి ఇంత ఎలా అయింది? మొదటి నెల వాయిదాని విడదీసి చూడండి. 20 లక్షల మీద నెల వడ్డీ 14,167. మీరు కట్టిన 17,356లో అది పోగా అసలుకు జమ అయ్యేది 3,189 రూపాయలు. రెండో నెల వడ్డీని మిగిలిన అసలు మీదే వేస్తారు కాబట్టి అది దాదాపు ఇరవై మూడు రూపాయలు తగ్గుతుంది. అసలు కరిగేకొద్దీ వడ్డీ తగ్గుతుంది గానీ, మొదట్లో మరీ నెమ్మదిగా. ఐదేళ్లు ఒక్క నెలా తప్పకుండా కడితే మీ చేతి నుంచి వెళ్లింది 10 లక్షల 41 వేలు. అసలులో తగ్గింది 2 లక్షల 37 వేలు. వాయిదాలో వడ్డీ కంటే అసలు వాటా పెద్దదయ్యేసరికి పన్నెండో ఏడు ముగింపుకొస్తుంది. అసలు సగానికి దిగేది 13 ఏళ్ల 10 నెలలకు. ఐదో ఏట స్టేట్‌మెంటు తీయించుకుని "ఇన్నాళ్లు కట్టిందంతా ఏమైపోయింది" అని బ్యాంకులో గొడవపడేవాళ్లున్నారు. బ్యాంకు తప్పేమీ లేదు, లెక్క కట్టే పద్ధతే అది. నెలవారీగా ఈ విడదీతంతా చూపించే కాగితాన్ని అమార్టైజేషన్ షెడ్యూలు అంటారు. అడిగితే ఇస్తారు, చాలామంది అడగరు.

గడువు పెంచితే వాయిదా తగ్గుతుంది కదా అన్నది తర్వాతి సందేహం. తగ్గుతుంది, చాలా కొద్దిగా. ఇదే లోనుని 30 ఏళ్లకు పెడితే వాయిదా 15,378. నెలకు మిగిలేది రెండు వేల లోపు. అందుకు అదనంగా కట్టే వడ్డీ 13 లక్షల 70 వేలు. ఆ డబ్బుతో ఉపమాకలో మీ ఇంటి మీద ఇంకో అంతస్తు వేసుకోవచ్చు. అదే 15 ఏళ్లకు కుదించుకుంటే వాయిదా 19,695, అంటే నెలకు 2,339 ఎక్కువ. మొత్తం వడ్డీలో మాత్రం 6 లక్షల 20 వేలు మిగులుతుంది. లోను ఇచ్చేవాళ్లు ముందుగా చెప్పేది తక్కువ వాయిదా ఎంత అన్నదే. ఆ మాట వినగానే మొత్తం వడ్డీ ఎంతో రాసివ్వమని అడగండి.

ఇక రేటు విషయం. కాగితం మీద రాసిన 8.5 శాతం ఇరవై ఏళ్లు అలాగే ఉంటుందా? ఉండదు. 2019 అక్టోబర్ 1 నుంచి బ్యాంకులు కొత్తగా ఇచ్చే ఫ్లోటింగ్ రేటు, అంటే మారే వడ్డీ, ఇంటి లోన్లను బయటి కొలమానానికి ముడిపెట్టాలి. ఎక్కువ బ్యాంకులు రెపో రేటుకు ముడిపెట్టాయి. రిజర్వు బ్యాంకు ఇతర బ్యాంకులకు అప్పిచ్చే రేటే రెపో. 2022 మే మొదట్లో అది 4 శాతం. 2023 ఫిబ్రవరికి 6.5 శాతం. 2025లో మళ్లీ తగ్గుతూ వచ్చి జూన్ నాటికి 5.5 అయింది.

తొమ్మిది నెలల్లో రెండున్నర శాతం పెరిగితే ఇంట్లో ఏమవుతుందో చూద్దాం. ఒకరు 7 శాతానికి 20 లక్షలు 20 ఏళ్లకు తీసుకున్నారు, వాయిదా 15,506. ఏడాది కట్టాక అసలు 19 లక్షల 52 వేలుంది. రేటు 9.5 అయింది. బ్యాంకు వాయిదా ముట్టుకోలేదు, ఈయనా పట్టించుకోలేదు. ఆ నెల వడ్డీ 15,456. అసలుకు చేరింది దాదాపు 50 రూపాయలు. ఈ లెక్కన అప్పు తీరాలంటే మరో అరవై ఏళ్లు పడుతుంది! ఏ బ్యాంకూ అంతదాకా రానివ్వదు, ఎక్కడో ఒకచోట వాయిదా పెంచుతుంది. కానీ వాయిదా మారలేదు కదా అని నిశ్చింతగా ఉన్న ఎందరికో రెపో పెరిగిన ఆ ఏడాది గడువు గుట్టుగా సాగిపోయింది. అందుకే 2023 ఆగస్టు 18న రిజర్వు బ్యాంకు గట్టిగా చెప్పింది: రేటు మారినప్పుడు ఆ సంగతి అప్పుదారుకు తెలపాలి, వాయిదా పెంచుకుంటారో, గడువు పెంచుకుంటారో, కొంత ముందే కడతారో ఎంచుకునే వీలివ్వాలి, నెల వడ్డీకైనా చాలని వాయిదా ఉండకూడదు. ఫోనుకు వచ్చే ఆ మెసేజీని తోసేయకండి. రేటు తగ్గినప్పుడూ ఇదే వరస: వాయిదా తగ్గించమని అడగకుండా పాత వాయిదానే కడుతుంటే గడువు తగ్గుతుంది.

పల్లెలో ఇల్లు కట్టుకునేవాళ్లకు ఇంకో చిక్కుంది, కాగితాల చిక్కు. గ్రామకంఠం స్థలానికి తాతల నాటి అనుభవమే ఆధారం, లింకు డాక్యుమెంట్లుండవు. బ్యాంకు వెనక్కి పంపుతుంది. అప్పుడు పోయేది హౌసింగ్ ఫైనాన్సు కంపెనీ దగ్గరికి, రేటు రూపాయి వడ్డీ దాకా వెళ్లొచ్చు. డెబ్భై పైసలకీ రూపాయికీ తేడా ముప్పై పైసలేగా అనిపిస్తుంది. 20 లక్షలకు, ఇరవై ఏళ్లకు ఆ ముప్పై పైసల ఖరీదు 11 లక్షల 20 వేలు. కాబట్టి కాగితాలు సరిచేయించుకోవడానికి ఆరు నెలలు ఆఫీసుల చుట్టూ తిరగాల్సొచ్చినా, నా లెక్కలో అది దండగ కాదు.

ఎవరైనా "ఫ్లాట్ రేటు 9 శాతమే" అంటే ఇంకా జాగ్రత్త. ఫ్లాట్ అంటే అసలు తగ్గినా, మొదటి రోజు అప్పు మొత్తం మీదే చివరిదాకా వడ్డీ వేయడం. పదేళ్లకు ఫ్లాట్ 9 అంటే, బ్యాంకు లెక్కలో అది సుమారు 14.5 శాతం.

లోను మొత్తంలో కనబడని ఖర్చులు మొదట్లోనే ఉంటాయి. మన ఆంధ్రప్రదేశ్‌లో స్థలం కొంటే స్టాంపు డ్యూటీ 5, బదిలీ సుంకం 1.5, రిజిస్ట్రేషను ఫీజు 1, వెరసి ఏడున్నర శాతం. 8 లక్షల స్థలానికి 60 వేలు. 30 లక్షల లోపు లోనయితే ఇంటి విలువలో 90 శాతం దాకా బ్యాంకు ఇవ్వొచ్చు. మిగతాదీ, ఈ రిజిస్ట్రేషను ఖర్చూ మన చేతి డబ్బు. చేతిలో లేకపోతే? మూడు లక్షలు రెండు రూపాయలకు నోటు రాస్తారు. దాని వడ్డీయే నెలకు 6,000, అసలు ఒక్క రూపాయి తగ్గకుండా. అంటే మీ ఇంటికి నిజంగా పడే వాయిదా 17,356 కాదు, 23,356. బ్యాంకు ఈ నోటుని లెక్కలోకి తీసుకోదు, మీరు తీసుకోవాలి.

ఇల్లు కట్టుకునేటప్పుడు లోను ఒకేసారి చేతికి రాదు. పునాదికి కొంత, శ్లాబుకు కొంత, గిలాబాకు కొంత ఇస్తారు. ఆ మధ్యకాలంలో ఇచ్చిన మేరకు వడ్డీ మాత్రమే కట్టించుకుంటే దాన్ని ప్రీ ఈఎంఐ అంటారు. 12 లక్షలు విడుదలయ్యాక మేస్త్రీ పది నెలలు పని ఆపితే, 85 వేల రూపాయలు కట్టినా అసలులో పైసా తగ్గదు.

లోనుతోపాటు ఇన్సూరెన్సు పెడతారు. సంపాదించే మనిషికి ఏమన్నా అయితే ఇల్లు మిగలాలి కాబట్టి ఇన్సూరెన్సు మంచిదే. 60 వేల ప్రీమియాన్ని లోనులో కలిపేస్తేనే ఇబ్బంది: ఇరవై ఏళ్లలో అది లక్షా 25 వేలవుతుంది. విడిగా టర్మ్ పాలసీ ధర కనుక్కుని పోల్చి చూడండి.

"పన్ను మిగులుతుంది కదా" అంటారు. పాత పన్ను విధానంలో ఉన్నవాళ్లకు సొంతింటి వడ్డీ మీద ఏటా 2 లక్షల దాకా మినహాయింపుంది. కొత్త విధానంలో, సొంతంగా ఉంటున్న ఇంటికి అది లేదు. 2025-26 నుంచి కొత్త విధానంలో 12 లక్షల దాకా ఆదాయమున్నవాళ్లకు జీతం మీద పన్నే పడదు. పడని పన్నులో మిగిలేదేముంది?

ఇంత చెప్పాక, అప్పు చేయొద్దంటున్నానని అనుకోకండి. రెండో వైపు కూడా చూడాలి. ఇరవయ్యో ఏట కట్టే 17,356కి ఇప్పటి విలువ ఉండదు. ధరలు రిజర్వు బ్యాంకు లక్ష్యంగా పెట్టుకున్నట్టు ఏటా 4 శాతం చొప్పున పెరిగినా, ఆ చివరి వాయిదా నేటి 7,900 రూపాయలతో సమానం. 240 వాయిదాలనూ అలా నేటి విలువకు దించితే 41 లక్షల 65 వేలు కాస్తా 28 లక్షల 80 వేల దగ్గర ఆగుతుంది. ఇన్నేళ్లు కట్టాల్సిన అద్దె కూడా తప్పుతుంది. "బ్యాంకోడు రెండింతలు గుంజాడు" అన్న మాటలో సగమే నిజం. అయితే ఈ ఊరట జీతం కూడా ధరలతోపాటు పెరిగేవాళ్లకే. కాంట్రాక్టు పని చేస్తూ మూడేళ్లుగా అదే జీతం తీసుకుంటున్న కుర్రాడికి ఈ లెక్క అన్నం పెట్టదు.

వడ్డీని కోసేయడానికి ఒక్కటే మార్గం, మొదటి ఏళ్లలో అసలు మీద దెబ్బ కొట్టడం. ఏడాది తిరిగేసరికి బోనసో, జీడిమామిడి డబ్బో ఒక లక్ష అసలుకు జమ చేసి, వాయిదా మార్చకుండా గడువు తగ్గించమంటే, చివర్లో 26 వాయిదాలు తగ్గుతాయి. మిగిలే వడ్డీ 3 లక్షల 56 వేలు. అదే లక్ష పదిహేనో ఏట కడితే మిగిలేది 48 వేలే. లక్ష ఒకేసారి కుదరనివాళ్లు ఏటా ఒక వాయిదా అదనంగా కట్టినా మూడేళ్ల మూడు నెలల ముందే అప్పు తీరుతుంది, 4 లక్షల పైచిలుకు వడ్డీ తప్పుతుంది. వ్యక్తుల పేరు మీదున్న మారే వడ్డీ ఇంటి లోనుకు ముందే కట్టినందుకు బ్యాంకులు జరిమానా వేయకూడదు. 2012 నుంచీ ఉన్న నియమమిది. డబ్బు కట్టాక అది అసలుకే జమ అయిందా, రాబోయే వాయిదాల కింద పక్కన పెట్టారా అన్నది ఆ రోజే అడిగి తేల్చుకోండి. నోటు అప్పు కూడా ఉంటే మాత్రం ముందు దాన్నే తీర్చండి. రెండు రూపాయల వడ్డీ నడుస్తుండగా డెబ్భై పైసలది ముందు తీర్చడం తెలివి కాదు.

సంతకం పెట్టేముందు కీ ఫాక్ట్ స్టేట్‌మెంట్ చేతికి తీసుకోండి. లోను ముఖ్యాంశాల కాగితం ఇది. 2024 అక్టోబర్ 1 నుంచి కొత్త ఇంటి లోన్లన్నిటికీ ఇవ్వాలి. అందులో ఏపీఆర్ అని ఒక అంకె ఉంటుంది. ఫీజులు కూడా కలిపితే ఏడాదికి నిజంగా పడే రేటు అది. రెండు బ్యాంకుల కాగితాలు పక్కపక్కన పెట్టి ఆ అంకెనే పోల్చండి.

అప్పు తీరిన రోజు ఇంకో పనుంది. 30 రోజుల్లో మీ ఒరిజినల్ దస్తావేజులు తిరిగి ఇవ్వాలి. బ్యాంకు వల్ల ఆలస్యమైతే రోజుకు 5,000 రూపాయల చొప్పున మీకే చెల్లించాలి. 2023 డిసెంబర్ 1 నుంచి ఇది అమల్లో ఉంది. దస్తావేజులు అందాక సబ్ రిజిస్ట్రారు ఆఫీసులో తనఖా రద్దు చేయించి, ఈసీ, అంటే ఆస్తి మీద నమోదైన లావాదేవీలు చూపే పత్రం, ఒకటి తీయించి, అందులో ఆ రద్దు నమోదైందో లేదో చూసుకోండి.