పిరికివాడు కాదతను!

నిద్రపట్టదు. మాట పడిపోతుంది. కాళ్లూచేతులూ వణుకుతాయి. ఒంటి మీద మాత్రం చిన్న గీత కూడా ఉండదు! మొదటి ప్రపంచయుద్ధంలో బ్రిటిష్ సైనికుల్ని ఇలా పట్టి పీడించిన జబ్బు గురించి 1915లో డాక్టర్ ఛార్లెస్ మయర్స్ వైద్యపత్రికలో రాశాడు. దాని పేరు 'షెల్ షాక్'. ఫిరంగి గుండు పక్కనే పేలితే మెదడు అదిరి ఇలా అవుతుందనుకున్నారు మొదట. తీరా చూస్తే పేలుడు దరిదాపుల్లో లేనివాళ్లకీ వచ్చింది. దాంతో చాలామంది అధికారులకు అనుమానం... ఇదంతా నటనేమోనని!

ఆ అనుమానానికి బలైనవాడే హ్యారీ ఫార్. 1915లో ఈ జబ్బుతోనే ఐదు నెలలు ఆస్పత్రిలో ఉన్నాడు. చేతులు వణికిపోతుంటే ఇంటికి ఉత్తరాలు నర్సు రాసిపెట్టేది. అయినా మళ్లీ యుద్ధానికి పంపేశారు. 1916 సెప్టెంబరులో ఫ్రాన్స్‌లోని సోమ్ రణరంగంలో ఇక తన వల్ల కాదన్నాడు. సైనిక న్యాయస్థానంలో అతని తరఫున వాదించేవాళ్లు లేరు. వైద్యం చేసిన డాక్టరు తానే గాయపడి సాక్ష్యానికి రాలేకపోయాడు. అక్టోబరు 16న తెల్లవారుతూనే సొంత సైన్యమే అతణ్ని కాల్చిచంపింది. నేరం: పిరికితనం. వయసు పాతికేళ్లు. భార్యకు పింఛను ఆగింది. మూడేళ్ల పాపతో ఆమె ఏమైపోవాలో ఎవరూ ఆలోచించలేదు. భర్త ఎలా పోయాడో చాలా ఏళ్లు ఆమె బయటికి చెప్పుకోలేదు.

అందరూ అలాగే ఆలోచించలేదు లెండి. స్కాట్లాండ్‌లోని క్రెయిగ్‌లాక్‌హార్ట్ ఆస్పత్రిలో డాక్టర్ రివర్స్ (అంతకుముందు మన నీలగిరుల్లో తోడాల మధ్య గడిపి, వాళ్ల మీద 1906లో పుస్తకం వేసింది ఈయనే) రోగుల్ని కూర్చోబెట్టి మాట్లాడించేవాడు. చూసినదాన్ని బలవంతంగా మర్చిపోవాలనుకుంటే జబ్బు ముదురుతుందనేవాడు. కాకపోతే అది అధికారుల ఆస్పత్రి. ఫార్ లాంటి మామూలు సిపాయికి అక్కడ మంచం ఎక్కడిది?

వియత్నాం నుంచి తిరిగొచ్చిన అమెరికా సైనికుల అవస్థ చూశాకే ఈ జబ్బుకు గట్టి గుర్తింపు వచ్చింది. 1980లో అక్కడి మనోవైద్యుల సంఘం దీన్ని 'పోస్ట్ ట్రామాటిక్ స్ట్రెస్ డిజార్డర్'గా తన జాబితాలో చేర్చింది. ప్రమాదం దాటిపోయినా శరీరం కాపలా మానదు. తలుపు ధడాలున పడినా, టపాసు పేలినా మనిషి మళ్లీ ఆ కందకంలోకే వెళ్లిపోతాడు. పీడకలలు, చిరాకు, ఎవరితోనూ కలవకపోవడం... ఇంట్లోవాళ్లకు కనిపించేవి ఇవే. 'మనిషి మారిపోయాడు' అనుకుంటారు. మాటల ద్వారా చేసే చికిత్సలతో, అవసరమైతే మందులతో చాలామందికి నయమవుతుంది.

2006లో బ్రిటన్ పార్లమెంటు ఫార్ సహా 306 మంది సైనికులకు మరణానంతర క్షమాభిక్ష ప్రకటించింది. అందుకోసం పోరాడిన ఫార్ కూతురికి అప్పటికి 93 ఏళ్లు. తల్లి ఆ కబురు వినకుండానే కన్నుమూసింది. ఇంతా చేసి ఆ చట్టంలోనే ఓ మెలిక ఉంది: క్షమాభిక్ష మాత్రమే, నాటి తీర్పు రద్దు కాదు!