క్రీడాభిరామమున భ్రష్టనాయకుడు

జపానునందు పెద్దలకై వెలువడు బొమ్మల కథలలో నీతి తప్పినవాడు నాయకుడగుట చూచి మన విద్యార్థులు కొందఱు వెఱగుపడుచున్నారు. బాలురకు గాక యెదిగిన పాఠకులకై వ్రాయు నట్టి కథలకు 'గెకిగా' అను పేరు 1957లో తత్సుమి యొషిహిరో కల్పించెను. కాని యిట్టి నాయకుడు మనకు క్రొత్తవాడు కాడు. వర్ధన్నపేట మీదుగా సాగు ఖమ్మము త్రోవ యే నగరమును చేరునో, ఆ యోరుగంటి వీథులలోనే అతనిని తెలుగుకవి త్రిప్పినాడు. అతడు క్రీడాభిరామములోని గోవింద మంచనశర్మ.

ఈ వీథీరూపకమునకు మూలము రావిపాటి త్రిపురాంతకుని సంస్కృత ప్రేమాభిరామము. గ్రంథమున వినుకొండ వల్లభరాయని పేరున్నది. ఇది శ్రీనాథకృతియని వేటూరి ప్రభాకరశాస్త్రిగారు వాదించిరి. ఆ చర్చ నిచట ముట్టము.

మంచనశర్మ బ్రాహ్మణుడై యుండియు వేశ్యాలోలుడు. చెలికాడు టిట్టిభసెట్టితో ఒకనాడు తెల్లవాఱినది మొదలు నగరమెల్ల తిరుగును. తన నడత కతడు సిగ్గుపడడు. కవియు నతనిని దండింపడు. ఇది కవి యేమఱుపాటు కాదు. వీథి యొకరిద్దఱు పాత్రలతో నడచు శృంగారప్రధానమైన ఏకాంకము. దానికి ధీరోదాత్తుడు పనికిరాడు. అంతకంటె ముఖ్యమైన దొకటి కలదు. శీలవంతుడైన నాయకుడు మాచల్దేవి యింటి చిత్రశాలకు పోడు. కోడిపందెముకడను, పొట్టేళ్ల పోరుకడను నిలువడు. రూకకు దొరకు పూటకూటి భోజనపు రుచి, జక్కుల పురంధ్రి గానము, పల్నాటివీరుల కథను పాడుట, ఏకవీరాదేవి కొలువు – ఇవి యన్నియు మనకు దక్కినది ఈ భ్రష్టుని కన్నులవలననే. 1323లో కాకతీయ రాజ్యము కూలినది, కావ్యము పిమ్మటిది. శాసనములు దానములను చెప్పును గాని సంతగోలను చెప్పవు.

ముద్దుపళని రాధికాసాంత్వనముపై 1911లో విధించిన నిషేధము 1947లో తొలగినది. తరగతి గదిలోని నిషేధము మాత్రము తొలగలేదు. క్రీడాభిరామమును చెప్పునపుడు పద్యములు దాటవేయుట మనలో పలువురి కలవాటే, మేమును చేసితిమి. అట్లు దాటవేసినచో పద్యముతోపాటు వీథియు పోవును.

అయినను మంచనశర్మను వెనుకవైచుకొని వచ్చుట మా యుద్దేశము కాదు. ఈ కృతిలో మమ్ము నొప్పించునది కామము కాదు. త్రోవలో నెదురైన స్త్రీలు పలువురు కులముచేతను అవయవములచేతను పరిచితులగుదురేకాని తమ మాటచేత కారు. తరగతిలో చర్చింపవలసిన దోష మిది. పద్యము చదువనిదే యిది కనబడదు.